పీఎస్2, పెన్‌డ్రైవ్, హఖ్ఖుల్ ఇబాద్

పదో తరగతి పరీక్షలు అయిపోగానే మా భతీజా బోధన్ నుంచి బస్సెక్కి హైదరాబాద్ వచ్చేశాడు. భుజాన ఒక సంచి, అందులో రెండు జతల బట్టలు, మిగతా సంచి నిండా ఒక పాత ప్లేస్టేషన్ 2. టవల్లో చుట్టి, పసిబిడ్డను తెచ్చినట్టు తెచ్చాడు. ఈద్ పరీక్షల మధ్యలో పడింది కాబట్టి ఈదీ డబ్బులు జేబులో అలాగే ఉన్నాయి. ఆ డబ్బులతో దీన్ని బతికించాలన్నది వాడి ప్లాను.

ఆ డబ్బా వయసు మా వాడి వయసు కంటే మూడేళ్ళు ఎక్కువ. 2007లో మా భాయ్‌జాన్ దమ్మామ్ నుంచి సెలవు మీద వస్తూ తెచ్చాడు. గల్ఫ్ నుంచి వచ్చేవాళ్ళ సూట్‌కేసుల్లో అప్పట్లో ఏముండేవో మీకు తెలుసు. దుప్పట్లు, అత్తరు, టాంగ్ డబ్బాలు, ఖజూర్, ఎవరికో చుట్టానికి టార్చిలైటు. భాయ్‌జాన్ వాటితోపాటు ఒక నల్లటి పల్చటి పెట్టె తెచ్చాడు. పీఎస్2 స్లిమ్. సోనీ 2000 మార్చిలో జపాన్‌లో మొదలుపెట్టి 2013 దాకా తయారుచేసిన మిషన్ ఇది. ప్రపంచమంతా కలిపి 15 కోట్లకు పైగా అమ్ముడుపోయింది. అందులో ఒకటి మా అమ్మీ గదిలో, ఉషా కుట్టుమిషన్ పక్కన పదిహేనేళ్ళకు పైగా కూర్చుంది.

ఇప్పుడు డిస్కు పెడితే తిరుగుతుంది, టిక్కు టిక్కుమంటుంది, చదవదు. లెన్స్ పోయింది. నగరంలో ఒక రిపేరు దుకాణానికి తీసుకెళ్ళాం. అతను డబ్బా మూత తెరిచి చూసి, లెన్స్ సంగతి వదిలెయ్యండి అన్నాడు. 'ఈ మెమరీ కార్డు పెట్టుకోండి, ఈ పెన్‌డ్రైవ్ ముందు వైపు గుచ్చండి, డిస్కుతో పనే లేదు. నలభై ఆటలు నేనే వేసిస్తా. మొత్తం పద్దెనిమిది వందలు.'

మా వాడి కళ్ళు ఈద్ చాంద్ చూసినట్టు వెలిగాయి. జేబులో చెయ్యి పెట్టి, మళ్ళీ తీసి, నా వైపు తిరిగాడు.

'చిచ్చా, ఏ జాయెజ్ హై నా?'

ఈ సవాల్ వాడు అడగకపోతే ఈ వ్యాసం లేదు. దుకాణంలో నిలబడి, వెనక ఇద్దరు గిరాకీలు తొందరపడుతుంటే, పదిహేనేళ్ళ పిల్లవాడు హలాల్ హరామ్ గురించి అడిగితే నేనేం చెప్పాలి? పెద్దవాళ్ళం చేసే పనే చేశాను. ఆలోచించకుండా జవాబ్ ఇచ్చాను. 'నై బేటా, చోరీ హై' అన్నాను.

బయటికొచ్చాక సోడా తాగుతూ వాడు మెల్లగా అన్నాడు: 'ఆప్ కా మజ్మూన్ జబ్ ఉనో లోగాఁ చురాయే థే, ఆప్ తీన్ దిన్ ఖానా నై ఖాయే థే. అమ్మీ బోలే ముఝే.'

నిజమే. మూడేళ్ళ కింద నేను రాసిన ఒక పెద్ద వ్యాసాన్ని ఎవరో నా పేరు తీసేసి, తమ పేరు పెట్టుకుని తిప్పారు. అది మా ఖాందాన్ వాట్సాప్ గ్రూపుకే తిరిగొచ్చింది, చాలా బాగుందంటూ. మూడు రోజులు అన్నం తినలేదన్నది మా భాభీ కల్పన. ఒక పూట మానేశానేమో. కానీ ఆ మంట నిజం. వాడు దాన్ని గుర్తుచేసింది నా మాటకు దన్నుగానే. నాకు మాత్రం చెంప మీద కొట్టినట్టయింది. ఎందుకంటే ఆ డబ్బా లెన్స్ ఎలా పోయిందో, దాని ఒరిజినల్ డిస్కులు ఏమయ్యాయో, ప్రపంచంలో నాకొక్కడికే తెలుసు.

ఆ సంగతి తర్వాత చెప్తా. ముందు ఆ పెన్‌డ్రైవ్ కథ అర్థం కావాలి. మన ఇళ్ళలో పిల్లలు చేసే పనులు తల్లిదండ్రులకు అర్థం కాకపోవడం వల్లే సగం ఫతువాలు పుడుతున్నాయి.

పీఎస్2 తన డిస్కును చదివేటప్పుడు ముందు ఒక రహస్య గుర్తు కోసం వెతుకుతుంది. ఫ్యాక్టరీ డిస్కులోనే ఉండే గుర్తు అది. ఇంట్లో రాసుకున్న డీవీడీలో రాదు. గుర్తు లేకపోతే ఆట మొదలు కాదు. పాతరోజుల్లో దీన్ని దాటడానికి డబ్బా విప్పి, లోపల బోర్డు మీద సన్నటి తీగలతో ఒక చిప్ అతికించేవాళ్ళు. ఇప్పుడు విప్పే పని లేదు. 8 ఎంబీ మెమరీ కార్డులో ఫ్రీ మెక్‌బూట్ అనే చిన్న ప్రోగ్రాం వేసి పెడితే, స్విచ్ వెయ్యగానే డబ్బా దాన్నే ముందు నడిపిస్తుంది. చివరి మోడళ్ళు కొన్నింటిలో తప్ప అన్నింట్లో పనిచేస్తుంది. దాని మీద ఓపెన్ పీఎస్2 లోడర్ అనేది తెరుచుకుంటుంది. ఆట మొత్తాన్ని ఒకే ఫైలుగా, ఐఎస్ఓ అంటారు, పెన్‌డ్రైవ్‌లో డీవీడీ అనే పేరున్న ఫోల్డర్లో వేసి ముందు వైపు గుచ్చితే చాలు. పెన్‌డ్రైవ్‌ను ఫ్యాట్32 పద్ధతిలో ఫార్మాట్ చేసుకుంటే 4 జీబీ దాటిన ఆటను ముక్కలు చెయ్యాల్సి వస్తుంది. ఈ డబ్బా యూఎస్‌బీ పాతకాలం నాటి 1.1 కాబట్టి సెకనుకు ఒక ఎంబీ అటూ ఇటూ తప్ప లాగలేదు. ఆట మధ్యలో సినిమాలాగా బొమ్మలు వచ్చే చోట తడబడుతుంది. మిగతాది బాగానే ఆడుతుంది.

ఇక్కడ ఒకటి గమనించండి. ఈ రెండు ప్రోగ్రాములూ ఎవరో దేశదేశాల కుర్రవాళ్ళు రాత్రుళ్ళు కూర్చుని రాసి ఊరికే పంచిపెట్టినవి. దుకాణదారు తీసుకునే పద్దెనిమిది వందల్లో వాళ్ళకూ పైసా పోదు. ఆటలు చేసినవాళ్ళకూ పోదు. కార్డు, పెన్‌డ్రైవ్ ఖరీదు, తన మెహనత్‌కు మజ్‌దూరీ తీసుకుంటే నాకు ఎతిరాజ్ లేదు. కానీ గోడ మీద బోర్డు ఏముంది? 'నలభై ఆటలు.' అంటే అతను అమ్ముతున్నది పరాయి సొమ్ము. ఈ ఒక్క విషయంలో నాకు రెండో ఆలోచన లేదు. ఆడుకునే పిల్లవాడి కంటే, ఆ నలభై ఆటలకు రేటు కట్టేవాడి మస్‌అలా వేరు, బరువూ వేరు.

సరే, షరీఅత్ ఏమంటుంది? నేను ముఫ్తీని కాను. మా మస్జిద్ ఇమామ్ సాహెబ్‌ను అడిగితే ముందు ఆటలు ఆడటమే వక్త్ బర్బాద్ అని మొదలుపెడతారు. అది వేరే చర్చ, అందులో ఆయన గెలుస్తారు కూడా. కాపీ సంగతి వరకే అయితే ఉలమా ఒకే మాట మీద లేరన్నది నిజం. ముఫ్తీ మొహమ్మద్ షఫీ సాహెబ్ లాంటి పెద్ద ఆలిమ్, పుస్తకం హక్కులు రిజిస్టరు చేసుకుని ఇంకొకరు అచ్చు వేయకుండా ఆపడాన్ని ఒప్పుకోలేదు. ఇల్మ్‌కు తాళం ఎలా వేస్తారన్నది ఆ వైపు ఆలోచన. ఆయన సొంత కొడుకు ముఫ్తీ తఖీ ఉస్మానీ సాహెబ్ రచయిత హక్కును ఒప్పుకునే వైపు నిలబడ్డారు. ఒకే ఇంట్లో తండ్రిది ఒక రాయ్, కొడుకుది ఒక రాయ్. 1988 డిసెంబరులో కువైట్‌లో జరిగిన ఇజ్లాస్‌లో ఇస్లామీ ఫిఖ్హ్ అకాడమీ తన 43వ తీర్మానంలో తేల్చి చెప్పింది: రచన, ఆవిష్కరణ, వ్యాపారం పేరు, ట్రేడ్‌మార్కు, ఇవన్నీ ఈ కాలంలో విలువ కట్టే ఆస్తులు, షరీఅత్ కాపాడే హక్కులు, వాటిమీద జబర్దస్తీ జాయెజ్ కాదు.

మన దేశం చట్టం ఇంకొంచెం వివరంగా ఉంది. 1957 కాపీరైటు చట్టం 52వ సెక్షన్‌లో ఒక చిన్న కిటికీ ఉంది. కంప్యూటర్ ప్రోగ్రాం కాపీ ఒకటి చట్టప్రకారం నీ దగ్గర ఉంటే, అది పాడైపోతుందేమోనని, అదే కాపీ నుంచి, నువ్వు ఒక నఖల్ తీసి పెట్టుకోవచ్చు. ఆ 'అదే కాపీ నుంచి' అన్న మాట దగ్గర ఆగండి. నీ డిస్కు నుంచి నువ్వు తీసుకున్నది వేరు, ఎవడో ఎక్కడో ఎక్కించినదాన్ని దించుకున్నది వేరు. 2012లో 65ఏ అనే సెక్షన్ వచ్చి చేరింది. హక్కులు ఉల్లంఘించే ఉద్దేశంతో రక్షణ తాళాన్ని పగలగొడితే రెండేళ్ళ వరకు జైలు, జరిమానా. ఉద్దేశం అన్న మాటను ఆ సెక్షనే రాసింది. అంటే ఢిల్లీలో కూర్చున్న చట్టం కూడా నియ్యత్ అడుగుతోంది.

ఇంతవరకు చదివి, ఇతను డౌన్‌లోడ్ అంటేనే హరామ్ అనబోతున్నాడు అనుకుంటే ఆగండి. నేనంత పాక్‌దామన్‌ను కాను.

నేను ఉర్దూ మీడియం బడిలో చదివాను. పుస్తకాలు దసరా సెలవుల తర్వాత వచ్చేవి, కొన్ని రానే రాలేదు. సైన్సు పుస్తకం మా క్లాసు మొత్తానికి ఒక సీనియర్ దగ్గర ఉన్నది ఒకటే. దాన్ని జిరాక్స్ తీయించి, సూదీ దారంతో కుట్టుకుని చదివాం. ఆ జిరాక్స్ లేకపోతే నేను పది పాసయ్యేవాణ్ణి కాదు, తర్వాత తెలుగులో డిగ్రీ లేదు, ఈ రాతా లేదు. ఆ జిరాక్స్ చోరీయా? నా జమీర్ ఎన్నడూ అలా అనలేదు. అమ్మేవాడే లేనప్పుడు ఎవరి పెట్టెలోంచి తీసినట్టు?

ఇవాళ నా లాప్‌టాప్‌లో వందల ఉర్దూ పుస్తకాల పీడీఎఫ్‌లు ఉన్నాయి. నవల్ కిషోర్ ప్రెస్ నాటివి కొన్ని, వాటికి హక్కుల గడువు ఎప్పుడో తీరిపోయింది. మన చట్టంలో రచయిత పోయాక 60 ఏళ్ళే. కానీ బతికున్న రచయితల పుస్తకాలు కూడా ఉన్నాయి, అబద్ధం ఎందుకు. మీ ఫోన్‌లోనూ ఉన్నాయి. రంజాన్ రాగానే తఫ్సీర్ పీడీఎఫ్‌లు గ్రూపుల్లో పంచి, సవాబ్ రాసుకుంటాం. ఆ పుస్తకం అచ్చు వేసిన చిన్న దుకాణం మూతపడితే, ఉర్దూ చచ్చిపోతోందని అదే గ్రూపులో కన్నీళ్ళు పెడతాం. పిల్లవాడి పెన్‌డ్రైవ్ మీద ఫతువా ఇచ్చే ముందు మన వాట్సాప్ ఒకసారి తెరిచి చూసుకోవాలి.

ఆటల సంగతిలోనూ అమ్మేవాడే లేని సమస్య చాలా పెద్దది. 2023లో అమెరికాలోని వీడియో గేమ్ హిస్టరీ ఫౌండేషన్ లెక్క తీసింది. 2010కి ముందు ఆ దేశంలో విడుదలైన ఆటల్లో 87 శాతం ఇప్పుడు మార్కెట్లో దొరకవు. డబ్బులు చేత పట్టుకుని నిలబడినా ఇచ్చేవాడు లేడు. మా భతీజా అడుగుతున్న ఆట కూడా అలాంటిదే. క్రికెట్ 07. ఈఏ స్పోర్ట్స్ వాళ్ళు 2006 చివర్లో తెచ్చారు. ఆ తర్వాత వాళ్ళు కన్సోల్‌కు క్రికెట్ ఆటే చెయ్యలేదు. మన గల్లీల్లో నలభై దాటిన ప్రతి మగవాడూ దాన్ని ఏదో ఒక ఇంట్లో ఆడే ఉంటాడు. అందులో మన జట్టు ఆటగాళ్ళకు వింత పేర్లు ఉండేవి, గుర్తుందా? పేర్లు వాడుకునే లైసెన్స్ వాళ్ళకు లేదు కాబట్టి మార్చి పెట్టారు. ఒక మనిషి పేరు వాడుకోవడానికి కూడా హక్కు కావాలని భయపడి చేసిన ఆటను, మనం ఏ హక్కూ లేకుండా ముప్పై రూపాయల డిస్కుల మీద రాసుకుని ఆడాం.

అదే జీటీఏ శాన్ ఆంద్రియాస్ చూడండి. 2004 నాటిది. ఇవాళా ఫోన్‌లో అమ్ముతున్నారు, 2021లో కొత్త రంగులు పూసి మళ్ళీ అమ్మారు. ఆ కొత్త రంగులు నవ్వుల పాలయ్యాయి, అది వేరే విషయం. అమ్మేవాడు దుకాణం తెరిచి కూర్చున్నప్పుడు వెనక కిటికీలోంచి తీసుకెళ్ళడాన్ని ఏ పేరుతో జాయెజ్ చేస్తాం? ఈ రెండు ఆటల మధ్య నాకు తేడా ఉంది. దుకాణదారు పెన్‌డ్రైవ్‌లో ఆ తేడా లేదు. నలభైలో రెండూ పక్కపక్కనే ఉన్నాయి.

కంపెనీల వకాలత్ చేస్తున్నాననుకోకండి. వాళ్ళ మీద నాకున్న గుస్సా చిన్నది కాదు. డిస్కులు మానేసి ఆటలను ఆన్‌లైన్ దుకాణంలో అమ్మడం మొదలుపెట్టారు. బటన్ మీద 'కొనండి' అని ఉంటుంది. నింటెండో వీ దుకాణం 2019 జనవరిలో మూసేశారు. 3డీఎస్, వీ యూ దుకాణాలు 2023 మార్చిలో మూసేశారు. ఎక్స్‌బాక్స్ 360 దుకాణం 2024 జూలైలో. సోనీ 2021లో పీఎస్3 దుకాణం మూసేస్తామని ప్రకటించి, జనం గొడవ చేస్తే వెనక్కి తగ్గింది. యూబీసాఫ్ట్ అయితే ద క్రూ అనే ఆట సర్వర్లు 2024 మార్చి 31న ఆపేసింది, డబ్బు పెట్టి కొన్నవాళ్ళకు కూడా ఇక ఆ ఆట లేదు. మన ఫిఖ్హ్‌లో బయ్ అంటే ఏమిటి? ఇచ్చేవాడు ఇచ్చేశాడు, కొన్నవాడి ఖబ్జాలోకి వచ్చింది. ఆ తర్వాత దాన్ని ఉంచుకుంటాడో, అమ్ముకుంటాడో, తమ్ముడికి ఇస్తాడో అతని ఇష్టం. వీళ్ళు చేస్తున్నది కిరాయి, పెట్టిన పేరు అమ్మకం. కాలిఫోర్నియాలో 2024లో ఒక చట్టం చేయాల్సి వచ్చింది, ఇది అమ్మకం కాదు లైసెన్సు మాత్రమేనని కొనేవాడికి స్పష్టంగా చెప్పాలని. సంతలో మేకను అమ్మేవాడు కూడా పళ్ళు చూపించి, లోపం చెప్పి అమ్ముతాడు.

కంపెనీ ధోకా చేసింది కాబట్టి నాకూ చెయ్యొచ్చు అన్న వాదన మా వాడు ఎత్తుకున్నాడు. బాగానే మాట్లాడాడు, వకీలు అవుతాడేమో. నేనన్నాను, కంపెనీ అంటే ఒక మనిషి కాదు బేటా, కానీ లోపల మనుషులు ఉన్నారు. 2009లో పీఎస్2 కోసం మన దేశంలోనే మొదటినుంచి చివరిదాకా తయారైన తొలి ఆటగా పేరొచ్చినది హనుమాన్: బాయ్ వారియర్. చేసింది ఎవరనుకున్నావ్? ఆరోనా టెక్నాలజీస్, మన హైదరాబాద్. అదే ఏడాది దేశీ అడ్డా అనే ఇంకో ఆట వచ్చింది. పతంగులు, గిల్లీదండా, కబడ్డీ. అది చేసిన గేమ్‌శాస్త్ర కూడా ఇక్కడిదే. మనలాంటి ఇళ్ళలోంచి బీటెక్ చదివి వెళ్ళిన పిల్లలు, షేర్ ఆటోలో వచ్చి రాత్రి పదింటి దాకా కూర్చుని చేసి ఉంటారు. మన ఊళ్ళో తయారైన ఆట మన ఊరి ఫుట్‌పాత్ మీద నకలుగా అమ్ముడుపోతే, ఆ పిల్లవాడు ఎవరి దగ్గరికి పోవాలి?

ఇక్కడే నాకు హఖ్ఖుల్ ఇబాద్ గుర్తొచ్చింది. మదర్సాలో మనకందరికీ చెప్పిందే. నమాజ్ వదిలేస్తే అది అల్లాకూ నీకూ మధ్య విషయం, తౌబాకు దారి ఉంది. బందా హక్కు తింటే ఆ బందానే మాఫీ చెయ్యాలి. పక్కింటి మామిడికాయ కోసుకుంటే తలుపు కొట్టి మాఫీ అడగొచ్చు. ఒక ఆటను రెండు వందల మంది చేశారు, అందులో కొందరు జపాన్‌లో, కొందరు కెనడాలో, కొందరు మాదాపూర్‌లో. ఎవరి తలుపు కొట్టాలి? ఇది చూసి మనవాళ్ళు చాలామంది, అడగటానికి మనిషే లేడు కాబట్టి గునా కూడా లేదు అనుకుంటారు. నాకేమో, అడగటానికి మనిషి దొరకని హక్కే ఎక్కువ భయం.

మనిషి దొరికే హక్కు ఒకటి నా మెడకు ఉండనే ఉంది.

2007లో భాయ్‌జాన్ తిరిగి దమ్మామ్ వెళ్ళిపోతూ డబ్బా నాకప్పగించాడు. తొమ్మిది ఒరిజినల్ డిస్కులు, ప్లాస్టిక్ పెట్టెల్లో, బుక్‌లెట్లతో సహా. ఓవర్‌టైం డబ్బులతో ఒక్కొక్కటీ కొన్నాడు. అక్కడ నకలు డిస్కులు దొరక్క కాదు. ఇంటికి పంపేది అసలుది అయితే బాగుంటుందనుకున్నాడు, అంతే. నేనప్పుడు ఒక పత్రికలో కొత్తగా చేరిన సబ్‌ఎడిటర్‌ను. తొమ్మిది ఆటలు మూడు నెలల్లో విసుగొచ్చాయి. ఒక దుకాణంలో లెక్క ఉండేది: ఒక ఒరిజినల్ ఇస్తే ఐదు కాపీలు ఇస్తారు. వాళ్ళకు కాపీలు తియ్యడానికి గీతలు పడని అసలు డిస్కు కావాలి. నేను ముందు డబ్బా విప్పించి చిప్ పెట్టించాను, భాయ్‌జాన్ ఇజాజత్ లేకుండా. తర్వాత ఒక్కొక్కటిగా ఎనిమిది డిస్కులు ఇచ్చేశాను. చివరగా ఇచ్చింది క్రికెట్ 07. ఆ వారంలోనే పైరేటెడ్ సీడీల మీద పోలీసు దాడుల వార్తను నేనే దిద్దాను, దానికి హెడ్డింగు కూడా నాదే. సాయంత్రం ఇంటికెళ్ళి మార్కర్‌తో పేర్లు రాసున్న డిస్కులు పెట్టుకుని ఆడాను. షర్మిందగీ అప్పుడు లేదు. ఇప్పుడు టైపు చేస్తుంటే ఉంది.

నకలు డిస్కులు చదివీ చదివీ లెన్స్ త్వరగా అలిసిపోతుందని ఈ మధ్య ఇంకో మెకానిక్ అన్నాడు. నిజమో కాదో గానీ, నా మెడకు అది కూడా తగిలించుకున్నాను.

అమానత్‌లో ఖయానత్ అంటే ఇదే. నేను మా వాడికి దుకాణం ముందు నిలబడి 'చోరీ హై' అన్నది ఆటల కంపెనీ గురించి. వాడి సొంత తండ్రి సొమ్ము నేను తిన్నానని వాడికి తెలియదు.

ఆ రాత్రి ఇషా తర్వాత దమ్మామ్‌కు వీడియో కాల్ చేశాను. భతీజాను పక్కనే కూర్చోబెట్టుకుని మొత్తం చెప్పాను. భాయ్‌జాన్ చాలాసేపు ఏమీ అనలేదు. వెనకాల కూలర్ చప్పుడు. తర్వాత అన్నాడు: 'ముఝే మాలూమ్ థా రే. 2009లో వచ్చినప్పుడే పెట్టెలు తెరిచి చూశా. అన్నింట్లో నీ దస్తూరీ.' మరి ఎందుకు అడగలేదంటే, 'నువ్వు చెప్తావేమోనని చూశా' అన్నాడు. పదహారేళ్ళు చూశాడన్నమాట. మాఫ్ కియా అని మాత్రం అనలేదు. క్రికెట్ 07 మళ్ళీ సంపాదించి పెట్టు, అప్పుడు చూద్దాం అన్నాడు. నవ్వుతూనే అన్నాడు.

మేం చేసింది చెప్తాను, మీరు ఒప్పుకోనక్కర్లేదు. పెన్‌డ్రైవ్ ఖాళీది కొన్నాం. మెమరీ కార్డు కొన్నాం. ఫ్రీ మెక్‌బూట్ ఊరికే ఇచ్చింది కాబట్టి ఊరికే తీసుకున్నాం. ఆటలు మాత్రం అసలు డిస్కుల నుంచే తీసుకోవాలని నిర్ణయించుకున్నాం. నా దగ్గర మిగిలిన ఒక ఒరిజినల్ ఉంది. మిగతావాటి కోసం జుమేరాత్ బజార్ పట్టాం. పాత రేడియోలు, తుప్పు పట్టిన రెంచీలు, ఒంటి చెప్పుల కుప్పల మధ్య రెండు గురువారాలు తిరిగితే ఐదు దొరికాయి. అడుగు నీలంగా ఉంటే సీడీ, వెండి రంగుగా ఉంటే డీవీడీ అని మా వాడే నాకు నేర్పాడు. పాత డెస్క్‌టాప్‌లో మామూలు డీవీడీ డ్రైవ్ ఉంది, పీఎస్2 డిస్కును అది చదువుతుంది. ఐదింట్లో మూడు చదివింది, ఐఎస్ఓలు తీశాం. ఒకదాంట్లో సినిమా బొమ్మలు వచ్చేచోట తడబడితే మా వాడు, నేను చెప్పానా చిచ్చా, యూఎస్‌బీ పాతది అన్నాడు, తానే చేసినట్టు గర్వంగా.

వాడు ఇక్కడా ఒక సవాల్ వేశాడు. 'జుమేరాత్ బజార్‌లో కొంటే కంపెనీకి పైసా పోదు కదా చిచ్చా. డౌన్‌లోడ్ చేసినా పోదు. ఫరఖ్ ఏముంది?' మంచి సవాల్. నా జవాబ్ ఇదొక్కటే: ఆ డిస్కుకు ఎవరో ఒకప్పుడు డబ్బు కట్టారు. అది ఒక చెయ్యి నుంచి ఇంకో చేతికి వచ్చింది. అమ్మినవాడి దగ్గర ఇక లేదు, మన దగ్గర ఉంది. ఒకటి రెండు కాలేదు. వాడు పూర్తిగా ఒప్పుకోలేదు. నేనూ పూర్తిగా గెలిచాననుకోవడం లేదు. భాయ్‌జాన్ ఒకసారి డబ్బు కట్టిన క్రికెట్ 07నే డౌన్‌లోడ్ చేసుకుంటే తప్పేంటని కూడా అడిగాడు. నా జమీర్ అందుకు పెద్దగా అడ్డం పడదు. చట్టం పడుతుంది, ఆ డిస్కు ఇప్పుడు మా దగ్గర లేదు కాబట్టి. దాన్ని అమ్ముకున్నవాడిని నేను కాబట్టి, ఆ సులువైన దారి నాకు తగదనిపించింది. వాడికి తగుతుందేమో, నాకు కాదు.

వాడు నాలుగు ఆటలతో బోధన్ వెళ్ళిపోయాడు. ఈదీలో పదకొండు వందలు మిగిలాయి, భాభీ తీసేసుకుందట.

మొన్న గురువారం నేనొక్కణ్ణే వెళ్ళాను. అస్ర్ దాటాక, దుకాణాలు సర్దుతున్న వేళ, ఒక పెద్దాయన గోనెపట్టా మీద కనపడింది. పీఎస్2 పెట్టె, మీద క్రికెట్ 07, బుక్‌లెట్ అంచు బయటికి కనిపిస్తోంది. నా చెయ్యి వణికింది. తెరిచి చూస్తే లోపల ఎవరిదో వలీమా డీవీడీ, పాతబస్తీ షాదీఖానా పేరుతో, మార్కర్ రాతతో.

పెట్టె పది రూపాయలకు తెచ్చాను. డీవీడీ ఆయనకే ఇచ్చేశాను, ఎవరైనా వెతుక్కుంటూ వస్తారేమోనని.